కిట్వే వెళ్తున్నాను: బెంబా భాష, బెంబా మనుషుల గురించి తెలిసినవాళ్ళు చెప్పగలరు

విజయనగరం టీచరమ్మ

అందరికీ నమస్కారం. మా అమ్మాయి, అల్లుడు జాంబియాలో కిట్వే అనే ఊళ్ళో ఉంటున్నారు. అమ్మాయికి పురుడు పోయడానికి వచ్చే నెల వెళ్తున్నాను. ఆరు నెలలు అక్కడే ఉంటాను.

ముప్పై ఏళ్ళు హైస్కూల్లో తెలుగు చెప్పి రిటైరయ్యాను. ఒక ఊళ్ళో ఆరు నెలలుండి ఆ ఊరి మాట ఒక్కటీ రాకుండా తిరిగి రావడం నావల్ల కాదు. "ఇంగ్లీషుతో సరిపోతుందమ్మా, టెన్షన్ పడకు" అంటోంది అమ్మాయి. వాళ్ళ పక్కింటావిడ బెంబా అట. మొన్న వీడియో కాల్‌లో నన్ను చూసి "ములిషాని బమామా" అంది. నేను మామనెలా అయ్యానో అర్థం కాలేదు. అమ్మాయిని అడిగితే తనకీ సరిగ్గా తెలియదంది.

ఎవరైనా అక్కడ ఉన్నవాళ్ళుంటే చెప్పండి. మాటలతో పాటు వాళ్ళ చరిత్ర, ఆచారాలు కూడా. ఎక్కువైనా ఫరవాలేదు, ఓపికగా చదువుకుంటాను.

కసామా మాస్టారు

టీచరమ్మ గారూ, ఈ థ్రెడ్ చూసి ప్రాణం లేచొచ్చింది. నేను 1979 నుంచి 1988 దాకా కసామాలో గవర్నమెంటు సెకండరీ స్కూల్లో లెక్కలు చెప్పాను. కసామా అంటే బెంబా వాళ్ళ గడ్డ, ఉత్తర రాష్ట్రానికి ముఖ్యపట్టణం. ఆ రోజుల్లో మనవాళ్ళు చాలామంది టీచర్లుగా జాంబియా వెళ్ళేవాళ్ళు.

ముందు మీ సందేహం తీరుస్తాను. ఆవిడ మిమ్మల్ని "బాగున్నారా అమ్మమ్మ గారూ" అని పలకరించింది. వాళ్ళ భాషలో మామ అంటే అమ్మమ్మ, నానమ్మ. ముందున్న "బ" బహువచనం. మనం పెద్దవాళ్ళని మీరు అన్నట్టు, వాళ్ళు ఒక్క మనిషినే బహువచనంలో పిలుస్తారు. తాతా అంటే తండ్రి. గౌరవంగా బతాతా. మాయో అంటే తల్లి, బమాయో. తాతగారు షికులు. మేనమామ యామా. ఇవి తలకిందులుగా అనిపించి నాకు మొదటి నెలంతా తికమకే. ఒక కుర్రాడు "మా తాతా ఫీజు కట్టడానికి వచ్చారు" అంటే ముసలాయన కోసం వెతికాను. వచ్చింది నాకంటే చిన్న వయసాయన.

"ఉలిషాని" అంటే బాగున్నావా. "ములిషాని" అంటే బాగున్నారా. ఈ ఉ, ము తేడా మన నువ్వు, మీరు తేడాయే. పెద్దవాళ్ళతో ఉ వాడితే తల కొట్టేసినట్టు ఉంటుంది వాళ్ళకి. ఇంకొక్క మాట నేర్చుకోండి: ముక్వాయి. ఇది మన "అండి". "ఎయా ముక్వాయి" అంటే అవునండి. "నతోతెల ముక్వాయి" అంటే ధన్యవాదాలండి. ఈ ఒక్క మాట ఉంటే మిగతా భాష తప్పులతడకైనా ఎవరూ పట్టించుకోరు.

మా స్కూల్లో పిల్లలు నోటు పుస్తకం ఇవ్వడానికి వస్తే మోకాళ్ళు కాస్త వంచి, రెండు అరచేతులూ గుల్లగా చేసి మెల్లగా రెండు మూడుసార్లు తట్టి, అప్పుడు ఇచ్చేవాళ్ళు. చప్పట్లలా చటచటమని మోగదు. బోలు శబ్దం వస్తుంది. అది నమస్కారం. ఆ చప్పుడు ఇప్పటికీ నా చెవుల్లో ఉంది.

ఆదిమూలం

తాతా, మామా, అమ్మను మాయో... ఇవన్నీ చూస్తుంటే ఇది కాకతాళీయం అనిపించడం లేదు. ద్రావిడ భాషలకీ ఆఫ్రికా భాషలకీ ఒకప్పుడు చుట్టరికం ఉండేదని ఎక్కడో చదివాను. బెంబా వాళ్ళ పూర్వీకులూ మన పూర్వీకులూ ఒకటే అయ్యుండొచ్చు కదా?

వ్యాకరణం

ఆదిమూలం గారూ, ఆ దారిలో వెళ్ళకండి, దయచేసి. తాతా, మామా, పాపా లాంటివి పసిపిల్లల నోట ముందుగా పలికే అక్షరాలు. ప్రపంచంలో చాలా భాషల్లో తల్లిదండ్రులకీ తాతమ్మలకీ ఇవే పేర్లు. చుట్టరికానికి ఇవి సాక్ష్యం కావు.

బెంబా బంటూ భాష. దాని అక్కచెల్లెళ్ళు స్వాహిలి, జులు, షోనా లాంటివి. మనిషిని బెంబాలో ఉముంతు అంటారు, జులులో ఉముంతు, స్వాహిలిలో మ్తు. మనుషులు అయితే అబంతు. ఆ మాటలోంచే బంటూ అనే పేరు వచ్చింది. చుట్టరికం అంటే అలా ఉంటుంది.

టీచరమ్మ గారికి నచ్చే సంగతి ఒకటి చెప్తాను. మన వ్యాకరణంలో మార్పు మాట చివర వస్తుంది, వాళ్ళకి మొదట్లో వస్తుంది. ఒక బెంబా మనిషి ఉముబెంబా. చాలామంది అయితే అబబెంబా. వాళ్ళ భాష ఇచిబెంబా. వాళ్ళ నేల లుబెంబా. వేరు ఒకటే, తల మారుతూ ఉంటుంది. కుర్చీ ఇచిపునా, కుర్చీలు ఇఫిపునా, రెండు కుర్చీలు ఇఫిపునా ఫిబిలి. నామవాచకం మొదట్లో ఏ శబ్దం ఉంటే దాని వెంట వచ్చే సంఖ్యకీ, విశేషణానికీ, క్రియకీ అదే శబ్దం అంటుకుంటుంది. వాక్యమంతా ప్రాస కట్టినట్టు నడుస్తుంది. మనుషులకి ఒక గణం, వస్తువులకి ఒక గణం, చెట్లకి ఒకటి, ఇలా చాలా గణాలు. మనకు మహత్తు, అమహత్తు అని ఉన్నట్టే అనుకోండి, కానీ ఇంకా విస్తారంగా.

క్రియల్లో మాత్రం మనకి తెలిసిన పద్ధతి కనిపిస్తుంది. ఉకుషిత అంటే కొనడం. ఉకుషితిష అంటే కొనిపించడం, అంటే అమ్మడం. ఉకుమోన చూడటం, ఉకుమోనన ఒకరినొకరు చూసుకోవడం. ఒక్క తోక చేర్చి అర్థం మార్చడం మన "ఇంచు" లాంటిదే.

ఇంకో సంగతి. బెంబా మాటలన్నీ అచ్చుతోనే ముగుస్తాయి, మన అజంత భాషలాగే. అందుకే ఇంగ్లీషు మాట దొరికితే ఇద్దరం ఒకే పని చేస్తాం. మనం స్కూలు అన్నాం, వాళ్ళు ఇసుకులు అన్నారు. ఇది చుట్టరికం వల్ల వచ్చిన పోలిక కాదు. నోరు తిరిగే తీరు ఒకటి కావడం వల్ల వచ్చింది. నాకు అదే ఎక్కువ అందంగా అనిపిస్తుంది.

నిజంగా భారతదేశం నుంచి వాళ్ళ దాకా నడిచిన మాట ఒకటుంది. డబ్బుని బెంబాలో ఉలుపియా అంటారు. అది మన రూపాయే. హిందూ మహాసముద్రం మీద వ్యాపారంతో తూర్పు తీరానికి వెళ్ళి, స్వాహిలిలో రుపియా అయి, లోపలికి నడిచి, బెంబాలో ర లేదు కనుక ల పెట్టుకుని ఉలుపియా అయింది.

ఆదిమూలం

ఒప్పుకుంటున్నాను వ్యాకరణం గారూ. తొందరపడ్డాను. ఉలుపియా సంగతి మాత్రం నా మనవడికి చెప్పాలి.

విజయనగరం టీచరమ్మ

ఇసుకులు! ఈ ఒక్క మాటతో ఆ భాష నాకు దగ్గరైపోయింది. నోట్సు రాసుకుంటున్నాను.

మాస్టారూ, వాళ్ళకి ఇప్పటికీ రాజు ఉన్నాడని, ఆయన తర్వాత కొడుకు రాజు కాడని అల్లుడు చెప్పాడు. నిజమేనా?

కసామా మాస్టారు

నిజమే. రాజుగారి బిరుదు చిటిముకులు. ముకులు అంటే పెద్ద, గొప్ప. చిటి అనే మూలపురుషుడి పేరు మీద వచ్చిన బిరుదు. గద్దె ఎక్కిన ప్రతివాడూ చిటిముకులే. ఇప్పటి చిటిముకులు 2015లో పట్టాభిషిక్తుడయ్యాడు. ఆయన కోట కసామాకి తూర్పున, ముంగ్వి జిల్లాలో ఉంది.

కథ వాళ్ళ పెద్దలు చెప్పేది ఇలా ఉంటుంది. పడమరన, ఇప్పటి కాంగో దేశం వైపు, కోలా అనే రాజ్యం. రాజు ముకులుంపె. అడవిలో ఆయనకి ఆకాశం నుంచి దిగివచ్చిన ముంబి ముకాసా అనే ఆవిడ దొరికింది. ఏనుగు చెవులంత పెద్ద చెవులు ఆవిడకి. ఆవిడది మొసలి కులం, వాళ్ళ మాటలో బెనా ఎన్గాండు. ఆవిడకి ముగ్గురు కొడుకులు, కటొంగో, చిటి, ఎన్కోలె. ఒక కూతురు, చిలుఫ్యా ములెంగా. కొడుకులు ఆకాశమంత గోపురం కడతామని మొదలుపెడితే అది కూలి జనం చచ్చిపోయారు. రాజుకి కోపం వచ్చి కటొంగో కళ్ళు తీయించాడు. చిటి, ఎన్కోలె మనుషుల్ని వెంటబెట్టుకుని తూర్పుకి పారిపోయారు.

ఇక్కడే మీ ప్రశ్నకి జవాబు ఉంది. పారిపోయినవాళ్ళకి దారిలో గుర్తొచ్చింది, చెల్లెల్ని వదిలేసి వచ్చామని. చెల్లెలు లేకపోతే వంశం లేదు. ఎందుకంటే బెంబా వాళ్ళలో వంశం తల్లి వైపు నడుస్తుంది. రాజు కొడుకు తన తల్లి కులంవాడు, మొసలి కులంవాడు కాడు. రాజుగారి అక్కచెల్లెళ్ళ కొడుకే మొసలి కులంవాడు. అందుకని తలుపుల్లేని ఇంట్లో పెట్టి కాపలా కాస్తున్న చెల్లెల్ని మనుషుల్ని పంపి తప్పించుకొచ్చారు. చిటి ఒకరి భార్యని మోహించి, ఆ మొగుడి విషబాణానికి చనిపోయాడు. చివరికి గద్దె చిలుఫ్యా కొడుకుకి దక్కింది.

ఇప్పటి ప్రాంతానికి వచ్చినప్పుడు కలుంగు నది ఒడ్డున చచ్చిన మొసలి కనబడిందట. మన కులం గుర్తు ఇది, ఇక్కడే ఆగుదాం అన్నారు. ఆ చోటు ఎన్గ్వేనా. ఇప్పటికీ ఆగస్టులో అక్కడ పెద్ద ఉత్సవం చేస్తారు. "ఉకుసెఫ్య పా ఎన్గ్వేనా" అంటారు.

ఆకాశం నుంచి దిగిన రాణిని చరిత్ర అనలేం. కానీ వాళ్ళ రాజవంశం లూబా, లుండా రాజ్యాల వైపు నుంచి వచ్చిందని చరిత్రకారులు కూడా ఒప్పుకుంటారు. చెల్లెలి కోసం వెనక్కి మనిషిని పంపిన ఘట్టమే నాకు ఆ కథ మొత్తంలో ప్రాణం. ఒక జాతి తన చట్టాన్ని తాళపత్రం మీద రాసుకోలేదు, ఆ చెల్లెలి కథలో పెట్టుకుంది.

రాజమాత బిరుదు చందాముకులు. ఆవిడకి సొంత ఊళ్ళు, సొంత మర్యాదలు. కొత్త చిటిముకులుని ఎంచేది, కర్మకాండలు జరిపేది బకబిలో అనే పెద్దలు. రాజుల్ని పూడ్చే తోపు మ్వాలులె. దాన్ని కాపాడే ఆయన బిరుదు షిమ్వాలులె.

వ్యాకరణం

మాస్టారూ, 19వ శతాబ్దంలో వాళ్ళు పెద్ద సైనిక శక్తి అని చదివాను. ఆ సంగతి కూడా చెప్పండి.

కసామా మాస్టారు

చిటపంక్వా అనే చిటిముకులు కాలంలో. ఆఫ్రికా అంతా తిరిగిన అన్వేషకుడు లివింగ్‌స్టన్ 1867లో ఆయన్ని కలిశాడు. దక్షిణం నుంచి వచ్చిన ఎన్గోని అనే జాతి దండుని 1870 ప్రాంతంలో ఓడించి తరిమింది ఆయన కాలంలోనే. ఏనుగు దంతాల వ్యాపారం, తుపాకులు, దాంతోపాటు బానిసల వ్యాపారం కూడా ఉంది. అది దాచాల్సిన పని లేదు, వాళ్ళూ దాచరు.

ఆ ఎన్గోనీలకీ బెంబాలకీ ఇప్పుడు పరాచికాల చుట్టరికం. మన బావామరదళ్ళలాగా ఎంత మాటైనా అనుకోవచ్చు, కోపం తెచ్చుకోకూడదు. చావింట్లో కూడా ఎన్గోని వచ్చి బెంబా శవం ముందు మేలమాడతాడు. మొదటిసారి చూసి నేను బిత్తరపోయాను. నూరేళ్ళ కిందటి యుద్ధాన్ని వాళ్ళు అలా అరిగించుకున్నారు.

బ్రిటిష్ సౌత్ ఆఫ్రికా కంపెనీ పాలన 1899కల్లా వచ్చేసింది. దానికి ముందు ఏడాది, 1898లో, మ్వాంబా అనే పెద్ద సామంతరాజు చనిపోతూ ఉంటే ఫ్రెంచి బిషప్ డ్యుపాన్ అక్కడ ఉన్నాడు. రాజు చావుతో రక్తపాతం జరుగుతుందని భయపడి జనం ఆయన చుట్టూ చేరారు. ఆయన్ని "మోటోమోటో" అనేవాళ్ళు, అంటే నిప్పు నిప్పు. ఎంబాలాలో ఆ పేరుతోనే మ్యూజియం ఉంది.

మన్యం పిల్లోడు

మాస్టారండీ, మాది చింతపల్లి దగ్గర. అక్కడ వ్యవసాయం ఎలా ఉంటుంది? మా పోడు లాంటిదే అని ఒకాయన చెప్పాడు. రాగులు పండిస్తారట కదా.

కసామా మాస్టారు

బాబూ, నువ్వు అడిగావు కనుక కూర్చుని రాస్తున్నాను.

దాన్ని చిటెమెనె అంటారు. ఉకుతెమ అంటే నరకడం, అందులోంచి వచ్చిన మాట. పంట అమలె, అంటే మన రాగులే. టీచరమ్మ గారి వైపు చోళ్ళు, తెలంగాణలో తైదలు.

మా స్టూడెంట్ ఒకడు సెలవుల్లో వాళ్ళ ఊరు తీసుకెళ్ళాడు. వాళ్ళ నాన్న గొడ్డలి భుజాన తగిలించుకుని చెట్టెక్కాడు. తాడు లేదు, నిచ్చెన లేదు. బాగా పైకి ఎక్కి, కాళ్ళతో మాను పట్టుకుని, చిటారుకొమ్మ నుంచి ఒక్కొక్క కొమ్మే నరుక్కుంటూ కిందికి దిగాడు. చెట్టు మొండెం అలాగే ఉంది. చుట్టూ ఎన్నో చెట్లు అలా తలలు తీసేసినట్టు నిలబడి ఉన్నాయి. కొమ్మలు ఎండాక ఆడవాళ్ళు నెత్తి మీద మోసుకొచ్చి మధ్యలో గుండ్రంగా పేరుస్తారు. వానలకి ముందు నిప్పు పెడతారు. పూర్వం రాజుగారి సైగ వచ్చాకే అంటించేవారు. ఆ రోజుల్లో ఆకాశమంతా పొగే, సూర్యుడు రాగిపళ్ళెంలా కనబడతాడు. ఆ బూడిద మీద దున్నకుండానే రాగులు చల్లుతారు. మరుసటేడు వేరుశనగ, తర్వాత చిక్కుళ్ళు. ఆ తర్వాత వదిలేసి ఇంకోచోటికి. వదిలిన అడవి మళ్ళీ గుబురెక్కడానికి ఇరవై ఏళ్ళు దాటుతుంది.

మీ పోడుకీ దీనికీ తేడా ఇదే. మీరు చెట్టున్న చోటే కాలుస్తారు. వాళ్ళు పంట వేసే చోటుకి దానికన్నా ఎన్నో రెట్ల అడవి నుంచి కొమ్మలు మోసుకొచ్చి బూడిద ఒక్కచోట చేరుస్తారు. అక్కడి నేలలో సత్తువ తక్కువ. బూడిదే ఎరువు.

మన్యం పిల్లోడు

చెట్టుని చంపకుండా తల మాత్రమే తియ్యడం బాగుంది. మరి ప్రభుత్వం ఊరుకుందా? మా దగ్గర 1882 అటవీ చట్టం వచ్చి పోడు మీద ఆంక్షలు పెట్టారు. 1922లో అల్లూరి సీతారామరాజు వెనక మా తాతలు నడవడానికి ఆ కడుపుమంట కూడా కారణం.

కసామా మాస్టారు

ఊరుకోలేదు. కంపెనీ ప్రభుత్వం 1906లో చిటెమెనెని నిషేధించింది. అడవి పాడవుతుందన్నారు. పన్ను వసూలుకి జనం పొలాల్లో చెల్లాచెదురుగా కాకుండా పెద్ద ఊళ్ళలో ఒకచోట ఉండాలన్నది కూడా వాళ్ళ ఆలోచన. ఆకలి, అలజడి చూసి 1909లో ఎత్తేశారు.

అసలు దెబ్బ నిషేధం వల్ల కాదు, గుడిసె పన్ను వల్ల తగిలింది. పన్ను డబ్బుగా కట్టాలి. డబ్బు గనుల్లోనే దొరుకుతుంది. మగవాళ్ళు గనులకి వెళ్ళిపోయారు. 1930ల్లో కొన్ని ఊళ్ళలో పని చేయగల మగవాళ్ళు సగం దాకా లేరు. చెట్టెక్కి కొమ్మ నరికేది మగవాడే. మగవాడు లేకపోతే బూడిద లేదు, బూడిద లేకపోతే రాగులు లేవు. ఊళ్ళో ఆకలి నెలలు ఎందుకు పెరిగాయో ఈ లెక్కతో తేలిపోతుంది.

బొగ్గుబాయి

మాస్టారు సార్, ఆ మగవాళ్ళు పోయిన చోటు గురించి నేను రెండు మాటలు రాస్త. మాది గోదావరిఖని. మా నాయిన, నేను ఇద్దరం సింగరేణి బాయిల పనిచేసినోళ్ళమే. ఏ దేశంల గని కార్మికుల సంగతైనా దొరికితే చదువుత.

కిట్వే, ఎండోలా, ముఫులిరా, లువాన్‌ష్యా, చింగోలా... ఇవన్నీ కాపర్‌బెల్ట్ ఊళ్ళు. రాగి గనులు. 1930ల మొదట్ల పెద్దఎత్తున మొదలైనయి. ఉత్తరం నుంచి బెంబావాళ్ళు ఎక్కువ వచ్చిన్రు, అందుకే గనిల వాళ్ళ మాటనే అందరి మాట అయింది. 1935 మే నెలల టౌన్లల్ల పన్ను 12న్నర షిల్లింగుల నుంచి 15కు పెంచిన్రు. ముందు ముఫులిరాల సమ్మె, తర్వాత ఎన్కానాల. ఎన్కానా అంటే టీచరమ్మ గారు పోతున్న కిట్వే గనే. ఆఖరికి లువాన్‌ష్యాల పోలీసులు కాల్చిన్రు, ఆరుగురు చచ్చిపోయిన్రు.

నాకు గుండెకు తాకిందేందంటే, అప్పుడు వాళ్ళకు యూనియన్ లేదు. ఎంబెని అని డాన్సు సంఘాలుండె. మిలిటరీ బ్యాండు లెక్క డ్రెస్సులేసుకుని ఆడేటోళ్ళు. సమ్మె కబురు ఒక గని నుంచి ఇంకో గనికి మోసింది వాళ్ళే. యూనియన్ 1949ల వచ్చింది. మా దగ్గర గూడ పాటనే ముందుగాల మీటింగు పెట్టింది.

లుసాకా లక్ష్మి

నేను జాంబియా రాజధాని లుసాకాలో పన్నెండేళ్ళ నుంచి ఉంటున్నాను. బొగ్గుబాయి అన్నగారు రాసింది చదివాక ఒక సంగతి చెప్పాలనిపించింది.

అమ్మా, కిట్వేలో బెంబా మాట్లాడేవాళ్ళందరూ బెంబాలు కారు. కాపర్‌బెల్ట్ నేల అసలు లాంబా వాళ్ళది. గనుల కోసం దేశం నలుమూలల నుంచీ వచ్చారు. లోజీ తండ్రికీ టుంబుకా తల్లికీ పుట్టిన పిల్ల ఇంట్లో బెంబా మాట్లాడుతుంది. 2010 జనాభా లెక్కల్లో బెంబాలు అయిదో వంతు, బెంబా మాట్లాడేవాళ్ళు మూడో వంతు. ఆ తేడాకి గనులు ఒక పెద్ద కారణం. కాబట్టి ఎవరినైనా "మీరు బెంబాలా" అని అడక్కండి. మీ ఊరేది అని అడగండి, వాళ్ళే సంతోషంగా చెప్తారు.

కిట్వే బెంబాలో ఇంగ్లీషు బాగా కలిసిపోయి ఉంటుంది. కసామా ముసలివాళ్ళు విని పెదవి విరుస్తారు. నాకైతే అదీ బతికున్న భాషే.

ఇక ఆడవాళ్ళ సంగతి. మన దగ్గర పిల్ల పెద్దమనిషి అయితే కూర్చోబెట్టి, చిమ్మిలి పెట్టి, పేరంటం చేస్తాం కదా. వాళ్ళకి చిసుంగు అని ఉండేది. 1931లో ఆడ్రీ రిచర్డ్స్ అనే ఆంగ్లేయ పరిశోధకురాలు ఒక ఊళ్ళో చూసి రాసింది, మూడు వారాలు దాటి జరిగిందట. నడిపించే పెద్దావిడ నచింబుసా. మట్టితో బొమ్మలు చేస్తారు, గోడల మీద రంగులు వేస్తారు. వాటిని ఎంబుసా అంటారు. ఒక్కొక్క బొమ్మకి ఒక పాట. ఆ పాటలో కాపురం, వ్యవసాయం, అత్తగారింట్లో మెలగడం, మగవాడి బాధ్యత, అన్నీ ఉంటాయి. ఇప్పుడు అంత పెద్దగా చెయ్యరు. కానీ నచింబుసా పోలేదు. పెళ్ళికి ముందు కిచెన్ పార్టీ అని చేస్తారు, సిటీల్లో హాలు బుక్ చేసి మరీ. నేను మా కొలీగ్ కూతురి కిచెన్ పార్టీకి వెళ్ళాను. పెళ్ళికూతురు చాప మీద తల వంచుకుని కూర్చుంది. నచింబుసా నేల మీద వెల్లకిలా పడుకుని, అటూ ఇటూ దొర్లి, చేతులు తట్టి మర్యాద చేసింది. డ్రమ్ము మొదలయ్యాక బ్యాంకు మేనేజర్లు, నర్సులు అందరూ నడుముకి చితెంగె బట్ట కట్టుకుని లేచారు. అక్కడ నాకు మా నానమ్మ గుర్తొచ్చింది. పేరంటంలో ఆవిడ పాట ఎత్తుకుంటే మిగతా అందరూ అందుకునేవాళ్ళు.

పూర్వం అల్లుడు కొన్నేళ్ళు అత్తగారి ఊళ్ళోనే ఉండి వాళ్ళ పొలం పని చేసేవాడు. ఇల్లరికం అనుకోండి. అత్తగారి ముందు తినకూడదు, ఎదురు పడకూడదు. ఆ దూరం పోగొట్టడానికి అమతెబెతో చేస్తారు. ఆడపెళ్ళివారు ఎన్నో రకాలు వండి, కుండలు నెత్తిన పెట్టుకుని పాటలతో అల్లుడి ఇంటికి తీసుకెళ్తారు. ఇకమీదట మా ఇంట్లో ఇవన్నీ తినొచ్చు అని మూత తీసి ఒక్కొక్కటీ చూపిస్తారు.

విజయనగరం టీచరమ్మ

లక్ష్మీ, చాలా థాంక్స్ తల్లీ. భోజనం ఎలా ఉంటుందో కూడా చెప్పు. నేను చోడి అంబలి లేకపోతే ఉండలేను.

లుసాకా లక్ష్మి

అమ్మా, మీకు దిగుల్లేదు. వాళ్ళ అన్నం ఉబ్వాలి. అచ్చం మన సంకటి. ఒకప్పుడు రాగులతోనే, ఇప్పుడు ఎక్కువగా తెల్ల మొక్కజొన్న పిండితో. చేత్తో ముద్ద తీసుకుని, బొటనవేలితో గుంట చేసి, కూరలో అద్దుకుంటారు. కూరని ఉమునాని అంటారు. ఆకుకూరలో వేరుశనగ పొడి వేసి వండే ఇఫిసాషి మీకు తప్పకుండా నచ్చుతుంది. చికండా అని అడవి దుంపల పిండి, వేరుశనగ కలిపి చేస్తారు, మాంసంలా ముక్కలు కోస్తారు కానీ పూర్తి శాకాహారం. ఇఫిషిము అంటే గొంగళిపురుగులు, ఎండబెట్టి వేయిస్తారు. మీరు తినకపోయినా ముఖం చిట్లించకండి, వాళ్ళకది ఇష్టమైన వంట.

మొక్కజొన్న కంకులు, వేరుశనగలు రోజంతా తిన్నా ఉబ్వాలి పడకపోతే "పొద్దుట్నుంచీ ఏమీ తినలేదు" అంటారు. మన నాన్నలు టిఫిన్ ఎంత తిన్నా అన్నం తినలేదన్నట్టు.

వ్యాకరణం

వెళ్ళే ముందు రెండు సామెతలు రాసుకోండి టీచరమ్మా. "ఉమ్వానా అషెండా అతాషా న్యినా ఉకునయా": ఊరు దాటని బిడ్డ తన తల్లి వంటే గొప్పదంటాడు. "ఉవక్వెన్ష ఉబుషికు బముతాషా ఇల్యో బ్వాచా": రాత్రి దారి చూపినవాడిని తెల్లవారాకే మెచ్చుకుంటారు. ఈ బ్వాచా అంటే తెల్లవారింది అని. ఆ వేరులోంచే క్వాచా, అంటే తెల్లవారుజాము. స్వాతంత్ర్య పోరాటంలో అదే నినాదం, 1964 అక్టోబరు 24న స్వాతంత్ర్యం వచ్చింది, 1968లో కరెన్సీకి అదే పేరు పెట్టారు.

ఇంకొకటి. మైలో అంటే నిన్న, మైలో అంటే రేపు కూడా. హిందీ కల్ లాగే. క్రియ చూసి తెలుసుకోవాలి.

విజయనగరం టీచరమ్మ

నాలుగు నెలల తర్వాత రాస్తున్నాను, క్షమించండి. మనవరాలు పుట్టింది. తల్లీబిడ్డా క్షేమం.

పక్కింటావిడ మొదటి రోజే వచ్చింది. గడప దగ్గరే మోకాళ్ళు వంచి, మాస్టారు చెప్పిన ఆ బోలు చప్పుడు చేసింది. నేనూ అలాగే చేతులు తట్టి "ఎయా ముక్వాయి" అన్నాను. ఆవిడ కాసేపు మాట్లాడలేదు. తర్వాత నన్ను గట్టిగా పట్టేసుకుంది. అప్పట్నుంచి ఆ వీధిలో పిల్లలందరికీ నేను బమామానే.

పాపకి మేం పేరు పెట్టకముందే ఆవిడ మపాలో అని పిలవడం మొదలుపెట్టింది. దీవెనలు అని అర్థమట. ఇప్పుడు మా అమ్మాయిని పేరు పెట్టి పిలవదు. బనా మపాలో అంటుంది, అంటే మపాలో వాళ్ళమ్మ. అల్లుడు బషి మపాలో. మా ఊళ్ళో కూడా మా అత్తగారు నన్ను పిల్ల పేరుతోనే పిలిచేవారు.

ఒక రోజు చోడి అంబలి కాచి ఇచ్చాను. ఆవిడ వాసన చూసి "అమలె!" అంది. కిట్వేలో పుట్టి పెరిగిందట. చిన్నప్పుడు సెలవులకి చిన్సాలి దగ్గర వాళ్ళ మామ, అంటే అమ్మమ్మ, ఊరు వెళ్తే ఈ వాసన ఉండేదట. గిన్నె ఖాళీ చేసి, మర్నాడు అదే గిన్నెలో ఇఫిసాషి పెట్టి తెచ్చింది. ఖాళీ గిన్నె తిరిగి ఇవ్వకూడదని మా అమ్మ కూడా అనేది.

మాస్టారూ, ఒక్క సందేహం. రాత్రి వెళ్తూ ఆవిడ "షలేనిపో" అంటుంది. ఉండండి క్షేమంగా అని అర్థమని అమ్మాయి చెప్పింది. తిరిగి నేనేమనాలి?

కసామా మాస్టారు

"ఎందేని ఉముతెందె" అనండి. క్షేమంగా వెళ్ళండి అని. గుమ్మం దాకా వెళ్ళి అనండి టీచరమ్మ గారూ, లోపల కూర్చుని కాదు. వాళ్ళు గేటు దాకా సాగనంపుతారు, కొంతమంది సగం దారి దాకా వస్తారు. కసామా స్టేషన్లో నేను రైలెక్కిన రోజు నా క్లాసు పిల్లలు ప్లాట్‌ఫారం చివరి దాకా నడిచారు.

విజయనగరం టీచరమ్మ

ఈ రాత్రే గేటు దాకా వెళ్తాను.

బొగ్గుబాయి

టీచరమ్మ గారూ, ఎన్కానా గని మీకు దగ్గరే కదా. షిఫ్టు సైరన్ వినపడుతదా?

విజయనగరం టీచరమ్మ

ఇంట్లోకి వినపడదు బాబూ. కానీ సాయంత్రం షిఫ్టు దిగిన మగవాళ్ళు మా వీధి మీదుగానే వెళ్తారు. హెల్మెట్ చేతిలో పట్టుకుని, నన్ను చూసి ఆగి, "ములిషాని బమామా" అని వెళ్తారు. మీ పేరు చెప్పి నేను వాళ్ళకి జవాబిస్తాను.

బొగ్గుబాయి

చెప్పున్రి అమ్మా. గోదావరిఖని నుంచి అని చెప్పున్రి.